చూపునకు స్వరాజ్యము

2027 వ సంవత్సరమున గోదావరికి పుష్కరము వచ్చుచున్నది. బృహస్పతి సింహరాశిని ప్రవేశించినది మొదలు పండ్రెండు దినములు భద్రాచలము, రాజమహేంద్రవరము, కొవ్వూరు, నరసాపురము, అంతర్వేది మొదలగు తావులందలి రేవులన్నియు జనసముద్రములు కాగలవు. పండితుడు వచ్చును, పామరుడు వచ్చును. పితరులకు పిండ మిడువాడు వచ్చును, వేడుక చూచువాడు వచ్చును. ఇందరిని ఒక్కచోటికి రప్పించుచున్నది ఆకసమున సంచరించు ఒక గ్రహము. అయినను, ఆ లక్షలాది జనులలో తలయెత్తి చూచి ‘అదిగో గురుడు’ అని వ్రేలు చూపగలవా రెందరు? 2015 జూలై 14 న కడపటి పుష్కరము ప్రారంభమైనప్పుడు సాయంకాలములందు పడమటి దిక్కున గురుడును శుక్రుడును చెంతచెంతనే యుండిరి. అంతకు రెండు వారములకు ముందు, జూన్ 30 న, ఆ రెండు గ్రహములును దాదాపు ఒక్కటియై కానవచ్చినవి. మన పురములలో ఆ దృశ్యమును జూచినవారి సంఖ్య రేవులలో మునిగినవారి సంఖ్యతో పోల్పదగినది కాదు.

భక్తులను ఆక్షేపించుటకు మే మీ ప్రశ్న వేయుట లేదు. నమ్మి స్నానమాడువాని నమ్మకము వానిది. మా ప్రశ్న వేరు. ఏ గ్రహచారమును బట్టి మనము పండుగలు చేసికొనుచున్నామో ఆ గ్రహమును జూచు అలవాటు మన జాతికి ఎప్పుడు తప్పినది? మరల ఎట్లు వచ్చును? ఈ ప్రశ్నకు ఉత్తరము వెదకబోవువారికి ఒక భారతీయ ఖగోళజ్ఞుని జీవితము మార్గదర్శకముగా నున్నది. ఆయన మణాలి కల్లాట్ వేణు బాప్పు.

1972 జూన్ 7 వ తేదీన బృహస్పతి ఉపగ్రహములలో పెద్దదియగు గానిమీడు ఒక నక్షత్రమునకు అడ్డముగా నడిచినది. బుధగ్రహముకంటెను పెద్దదైన ఈ ఉపగ్రహమును 1610 లో గెలీలియో తొలుత గాంచెను. దానికి వాయుమండలము గలదా లేదా యనునది అప్పటి ప్రశ్న. గాలి లేనిచో నక్షత్రము ఊదిన దీపమువలె తటాలున ఆరవలెను. గాలి యున్నచో ముందు కొంచెము మసకబారి పిమ్మట మాయము కావలెను. అరవ దేశమందలి జవ్వాది కొండలలో కావలూరను పల్లెచెంత అప్పుడప్పుడే నెలకొల్పబడిన 1 మీటరు దూరదర్శిని ఆ రేయి ఆ నక్షత్రముమీద నిలిచినది. జావా ద్వీపమందలి లెంబాంగునుండి మరికొందరు చూచిరి. తార తటాలున ఆరలేదు. ఆ యుపగ్రహమునకు పలుచని వాయుమండలము గలదని ఈ పరిశీలనము సూచించినది. 1979 లో వాయేజరు నౌక చేసిన కొలతలు ఆ వాయువు తొలుత ఎంచినదానికంటె మిక్కిలి తక్కువయని చూపినవి. తరువాత హబుల్ దూరదర్శిని పలుచని ప్రాణవాయువు జాడను కనుగొన్నది. శాస్త్రమున ఒకరు చూచినదానిని మరొకరు సరిచూతురు. అందు అవమానము లేదు. గమనింపవలసిన దేమనగా, ఆ సరిచూచుకొనువారి పంక్తిలో మన దేశమునకును ఒక పీట దొరికినది. అయిదేండ్లకు, 1977 మార్చి 10 న, యురేనసు గ్రహమునకు వలయములు గలవని లోకమునకు తెలిసిన రాత్రియు కావలూరు దూరదర్శిని తన పని తాను చేయుచునే యున్నది.

ఆ పీట ఎంత ప్రయాసతో లభించినదో తెలియవలెనన్న నూరేండ్లు వెనుకకు పోవలయును. 1868 ఆగష్టు 18 న సంపూర్ణ సూర్యగ్రహణము. చంద్రుని నీడ బిజాపురము మీదుగా వచ్చి, గుంటూరు, మచిలీపట్టణముల మీదుగా సముద్రమున ప్రవేశించినది. ఫ్రాన్సునుండి జాన్సెను పండితుడు గుంటూరున దిగెను. ఆంగ్లేయుడగు టెన్నెంటును అచ్చటనే శిబిరము వేసెను. చెన్నపురి వేధశాలాధికారి పాగ్సను మచిలీపట్టణమున నిలిచెను. సూర్యబింబపు అంచున ఎగయు జ్వాలలు మండు వాయువులని వారి వర్ణపటయంత్రములు తేల్చినవి. ఆ రేఖలు మిక్కిలి తేజోవంతములుగా నుండుట గాంచి, గ్రహణము లేకయు వానిని చూడవచ్చునని జాన్సెను గ్రహించి, మరునాడే గుంటూరున అట్లు చూచెను. ఆనాడు కనబడిన పసుపురేఖ సోడియముది కాదనియు, భూమిమీద అప్పటికి ఎవ్వరు నెరుగని మూలపదార్థముదనియు తరువాత తేలినది. అదియే హీలియము. 1895 లో రామ్సే దానిని భూమిమీద పట్టుకొనువరకు అది సూర్యునియందే యుండెను.

కృష్ణాతీరమున, మన ముంగిట, ఇంత పని జరిగినది. నేల మనది, నింగి మనది, నీడ మన పొలములమీద పడినది. చూచిన కన్ను మాత్రము పరులది. వారు మన సొమ్ము దోచుకొనిపోయిరని మేమనము; జ్ఞానము దోచిన తరుగునది కాదు. వారు యంత్రములతో వచ్చిరి, చూచిరి, వ్రాసికొనిరి. మనవారిలో అత్యధికులు పట్టుస్నానము, విడుపుస్నానము చేసి యిండ్లకు పోయిరి.

అందరు నట్లే చేసిరనుట అన్యాయము. ఆ దినముననే చెన్నపురి వేధశాలకు చెందిన చింతామణి రఘునాథాచార్యులు వనపర్తి వద్ద నొక బృందమునకు నాయకుడై గ్రహణమును పరిశీలించెను. అంతకు పూర్వమే విశాఖపట్టణమున గోడే వెంకట జగ్గారావు, చెన్నపురిలో టెయిలరు వద్ద ఖగోళవిద్య నభ్యసించి, 1840 ప్రాంతమున సొంత ధనముతో వేధశాల నెలకొల్పెను. ఆయన యల్లుడు అంకితము వెంకట నరసింగరావు దానిని కాపాడి, 1874 డిసెంబరు 9 న శుక్రుడు సూర్యబింబమును దాటుటను గమనించి, ఆ వివరములను లండను ఖగోళసంఘమునకు పంపెను. హైదరాబాదున నవాబు జఫర్ జంగు 1901 లో నిజామియా వేధశాలకు పునాది వేసెను. 1908 లో అది ప్రభుత్వపరమైనది. లోకమంతటి వేధశాలలు పంచుకొని చేసిన ఆకాశచిత్రణమున తన వంతుగా అది ఏడున్నర లక్షలకు పైగా నక్షత్రముల స్థానములను కొలిచినది. ఇవి యెల్ల మన చరిత్ర. అయినను జగ్గారావు వేధశాల జ్ఞాపకముగనే మిగిలినది. ఒక జమీందారుని ఉత్సాహముతో పుట్టినది ఆ కుటుంబముతోనే అంతరించినది. వ్యక్తుల ఔదార్యము దీపము వెలిగింపగలదు. నూనె పోయుచుండుటకు సంస్థ కావలెను.

ఈ నిజామియా వేధశాల ఆవరణముననే వేణు బాప్పు పెరిగెను. ఆయన 1927 ఆగష్టు 10 న చెన్నపురిలో జన్మించెను. పూర్వులు కేరళమువారు, తండ్రి నిజామియా వేధశాలలో ఉద్యోగి. బాలుడు ఆడుకొన్న తావు హైదరాబాదు, చదువుకొన్నది నిజాం కాలేజి, కన్ను తెరచి చూచినది తెలంగాణపు రాత్రి. ఆయన జన్మచేత తెలుగువాడు కాడు. కాని యొక నేల ఒకని కన్ను తెరపించినప్పుడు ఆ నేలకును అతనియందు కొంత పాలు గలదు. తండ్రి పని చూచుచు, దూరదర్శినియే ఆటవస్తువుగా పెరిగిన యీ బాలుడు విద్యార్థిదశయందే కాంతి హెచ్చుతగ్గులు గల నక్షత్రములను లెక్కగట్టుచుండెను. పిల్లవానికి అందుబాటులో యంత్రముండుట యెంత పని చేయునో దీనివలన తెలియుచున్నది.

హైదరాబాదు ప్రభుత్వపు విద్యార్థివేతనముతో 1949 లో ఆయన హార్వర్డు విశ్వవిద్యాలయమునకు బోయెను. కొలది నెలలకే, జూలై 2 న, తాను తీసిన ఛాయాచిత్రఫలకముపై ఒక క్రొత్త తోకచుక్కను కనుగొనెను. అది బాప్పు–బాక్–న్యూకర్కు తోకచుక్క యను పేర లోకప్రసిద్ధమైనది. 1952 లో డాక్టరు పట్టము పొంది, కాలిఫోర్నియాలోని పాలొమారు పర్వతమునకు వెళ్లెను. అచ్చట ఓలిన్ విల్సనుతో గూడి చేసిన పరిశోధనము 1957 లో ప్రకటితమై, విల్సన్–బాప్పు ఫలితమను పేర నేటికిని పాఠ్యగ్రంథములలో నిలిచియున్నది.

దాని సారమును గోదావరి యొడ్డువారికి చెప్పుట కష్టము కాదు. చీకటిరాత్రి రాజమహేంద్రవరము రేవున నిలిచి చూడుడు. నీటిమీద నొక దీపము కనబడును. అది చెంతనున్న పడవలోని చిన్న లాంతరా? లేక ఆవలి కొవ్వూరి గట్టుమీది పెద్ద దీపమా? కంటికి రెండును ఒక్క తీరుగనే తోచును. దీపపు అసలు కాంతి యెంతయో తెలిసిననే గాని దాని దూరము చెప్పజాలము. నక్షత్రముల విషయమున ఖగోళజ్ఞుల చిక్కు ఇదియే. చల్లని నక్షత్రముల వర్ణపటమున కాల్షియము వలన నేర్పడు నొక నల్లని రేఖ గలదు. దాని నడుమ సన్నని వెలుగుచార గానవచ్చును. ఆ చార యెంత వెడల్పుగా నుండునో నక్షత్రపు నిజకాంతి అంత యెక్కువ యని విల్సను, బాప్పు చూపిరి. ఆ చారను కొలిచిన నిజకాంతి తెలియును. నిజకాంతి తెలిసిన దూరము తెలియును. లాంతరును తాకకయే, దాని వెలుగు తీరును బట్టి అది పడవదో గట్టుదో చెప్పగలిగినట్లు. బాప్పు తన పరిశోధనవ్యాసములలో ఈ చారనే పట్టుకొని తరువాతి కాలమున సూర్యునియొద్దకు వచ్చెను. దూరతారలలో వెడల్పు మాత్రమే తెలియు ఆ వెలుగు సూర్యునిపై ఏ చిన్న తావులనుండి పుట్టుచున్నదో చూడవలెనని యాయన పట్టుదల. ఎంత దూరమున నున్నదానిని గూర్చి వ్రాసినను చూచినదానినే వ్రాయుట, కొలిచినంతవరకే చెప్పుట ఆయన పద్ధతి.

అమెరికాలో నిలిచిపోయినచో ఆయనకు కొరత యేమి? లోకములోకెల్ల పెద్ద దూరదర్శిని చేతికందినది; కీర్తి వచ్చినది. అయినను 1953 లో ఆయన స్వదేశమునకు మరలెను. వారణాసిలో ఆరంభమైన ఉత్తరప్రదేశ వేధశాలను నైనితాలు కొండలకు చేర్చి రూపము దిద్దెను. 1960 లో, ముప్పదిమూడవ యేట, కొడైకెనాలు వేధశాలకు అధ్యక్షుడయ్యెను. సూర్యపరిశోధనమునకు ప్రసిద్ధికెక్కిన ఆ కొండ నక్షత్రపరిశీలనమునకు చాలదని, దక్షిణాకాశము బాగుగా కనబడు తావు వెదకి, కావలూరును ఎన్నుకొనెను. అచ్చట 1968 లో మొదట పనిచేసిన 38 సెంటీమీటర్ల దూరదర్శిని కొడైకెనాలు కర్మశాలలో తయారైనది. 1971 లో భారత ఖగోళభౌతిక సంస్థ స్వయంపాలక సంస్థగా వెలసినది. అది జగ్గారావు చదువుకొన్న చెన్నపురి వేధశాలకు వారసురాలు.

ఆయన కడపటి సంకల్పము 2.34 మీటర్ల దూరదర్శిని. అంత యంత్రమును విదేశమున కొనుట సులభము. ధన మిచ్చిన ఓడలో వచ్చును. బాప్పు ఆ మార్గము త్రొక్కలేదు. గాజుబిళ్ల మాత్రము జర్మనీనుండి వచ్చినది. దానిని అరగదీసి, నునుపుచేసి, దర్పణముగా మార్చినది బెంగుళూరునందలి మన పనివారు. ఇనుపకట్టడము మహారాష్ట్రమందలి వాల్‌చంద్‌నగరున తయారైనది. ఈ పనివలన సిద్ధించినది దూరదర్శిని మాత్రమే కాదు. మరియొక దూరదర్శినిని చేయగల చేతులు సిద్ధించినవి. 1979 లో ప్రపంచ ఖగోళజ్ఞుల సమాఖ్యకు ఆయన అధ్యక్షుడుగా ఎన్నుకోబడెను. 1982 ఆగష్టు 19 న మ్యూనిక్ నగరమున, అయిదుపదులు దాటి కొంచెమే గడచిన వయస్సున, కన్నుమూసెను. ఆ దర్పణమున నక్షత్రమును చూచు భాగ్యము ఆయనకు లేకపోయినది. 1986 జనవరి 6 న ప్రధాని రాజీవ్ గాంధి దానికి వేణు బాప్పు పేరుపెట్టి జాతి కంకితము చేసెను.

ఇచ్చట రెండు ఆక్షేపణలు వినవచ్చును. మొదటిది: అన్నము లేనివారున్న దేశమున నక్షత్రములేల? ఈ మాట వినుటకు దయాపూర్ణము, విచారింప బలహీనము. దర్పణమును నునుపుచేయు నేర్పు, మసక కాంతిని కొలుచు యంత్రము, యంత్రమును కట్టు ఇనుపపని, ఇవి ఆకసమునందే యాగిపోవునవి కావు; కర్మాగారమునకును ఆసుపత్రికిని దిగివచ్చును. అంతకంటె ముఖ్యమైనది, పరులు చెప్పినదానిని వల్లెవేయు జాతికి అన్నమును ఇతరుల చేతినుండియే రావలసియుండును. 1868 లో మన నేలమీద పరులు సూర్యుని చూచిరి. 2023 సెప్టెంబరు 2 న ఆంధ్రదేశపు శ్రీహరికోటనుండి ఆదిత్య నౌక సూర్యుని జూచుటకు వెడలినది. దానిలోని ప్రధానయంత్రము సూర్యబింబమును తానే మాటుపరచి ఎల్లవేళల కృత్రిమగ్రహణమును గల్పించుచున్నది. దానిని నిర్మించినది బాప్పు పెంచిన ఆ సంస్థయే. గుంటూరున జాన్సెను కోరినది గ్రహణము లేకయే సూర్యుని అంచును చూచుట. ఆ కోరిక నేడు మన చేతిపనివలన, భూమికి 15 లక్షల కిలోమీటర్ల దూరమున, నెరవేరుచున్నది. ఇదియంతయు ఒక్క దినమున రాలేదు.

రెండవ ఆక్షేపణ మనలోనే పుట్టినది: మన పూర్వులకు అంతయు తెలియును, క్రొత్తగా చూడవలసిన దేమి? పూర్వులను ఇంతకంటె అవమానపరచు మాట లేదు. గురుడు రాశిచక్రమును చుట్టుటకు పట్టునది సరిగా పండ్రెండేండ్లు కాదు, 11.86 ఏండ్లు మాత్రమే యని వారు గ్రహించిరి. కనుకనే బార్హస్పత్యమానమున నడుమ నడుమ నొక సంవత్సరమును లోపింపజేసిరి. రాత్రులు మేలుకొని చూడనివాడు ఈ లెక్క వేయజాలడు. కాలము గడచిన కొలది గణితము తప్పినప్పుడు బీజసంస్కారమను పేర దానిని దిద్దుకొనిరి. గణితము కంటికి సరిపడవలెను, దృక్కునకు తుల్యము కావలెననుట వారి నియమము. రఘునాథాచార్యులు దృగ్గణిత పంచాంగమును ప్రకటించినప్పుడు చేసినది ఈ నియమమును పునరుద్ధరించుటయే. చూచుట మానివైచి పాత పట్టికలను పూజించుట పూర్వాచారము కాదు, పూర్వాచారమునకు తిలోదకము.

ఈ గోదావరిసీమ యంత్రవిద్యకు గొడ్రాలు కాదు. భీమవరము ప్రాంతపు గొరగనమూడిలో 1896 లో పుట్టిన భూపతిరాజు లక్ష్మీనరసింహరాజు, జ్ఞానానందస్వామియై, యోగమును వదలకయే ప్రేగు, లివర్పూలు నగరములలో భౌతికశాస్త్రమున పరిశోధనలు జేసి, శూన్యయంత్రములపై ప్రామాణికగ్రంథము వ్రాసి, ఆంధ్ర విశ్వవిద్యాలయమున అణుభౌతికశాఖకు ప్రాణము పోసెను. సన్న్యాసి కాషాయమును, ప్రయోగశాలయు ఒక్క మనుష్యునియందు కలహింపక యిమిడినవి. రాజమహేంద్రవరమున వీరేశలింగముగారు శాస్త్రవిషయములను తెనుగున వ్రాసి సామాన్యుని చేతికిచ్చిరి. మనకు కొరవడినది బుద్ధి కాదు. పిల్లవాని కంటికి అందుబాటులో ఉంచిన గాజుబిళ్ల.

కావున మేము కోరునది చిన్నది, సాధ్యమైనది. రానున్న పుష్కరము జూన్ చివరను, జూలై మొదటను పడును. ఆ దినములలో ప్రొద్దుగ్రుంకిన పిమ్మట పడమటి దిక్కున, మఖానక్షత్రమునకు చెంతనే, గురుడు కొన్ని గడియలు నిలిచియుండును. ఆషాఢపు మబ్బులు కొన్ని సాయంకాలములను హరించిన హరింపవచ్చును. తెరపి యిచ్చిన సాయంకాలములు చాలును. పెద్ద రేవులన్నింటిచెంతను, రద్దీకి దూరముగా, ఒక మైదానమున నాలుగైదు దూరదర్శినులు నిలిపి, కాలేజి విద్యార్థులను వానికి సహాయకులుగా నుంచి, వచ్చినవారికెల్ల గురుని, ఆయన నలుగురు ఉపగ్రహములను చూపవలయును. అరచేతి వెడల్పు గాజుబిళ్ల చాలును. గెలీలియో యంత్రము అంతకంటె చిన్నది. పుష్కరమునకు వెచ్చించు ధనమున ఈ వ్యయము లెక్కకు రాదు. పుష్కరము ముగిసిన పిమ్మట ఆ యంత్రములు గిడ్డంగిలో త్రుప్పు పట్టరాదు. ఉభయ గోదావరీమండలములందలి ఉన్నతపాఠశాలలకు వానిని పంచి, వానిని వాడనేర్చిన ఉపాధ్యాయుని ఒక్కొక్కచోట నిలుపవలెను. తెనుగున ఆకసపు పటము, చేతిపుస్తకము ప్రతి పాఠశాలకును చేరవలెను. పంచాంగకర్తలను మేము ప్రత్యేకముగా ఆహ్వానించుచున్నాము. తాము లెక్కించిన గ్రహమును జనులకు చూపుటకంటె వారికి గౌరవ మేమున్నది?

పట్టణముల పాలకులకు మరియొక మాట. వెలుగు కావలసినది వీధికి, మింటికి కాదు. దీపములకు పైకప్పు పెట్టి కాంతిని నేలకు మరల్చిన విద్యుత్తు మిగులును, నక్షత్రములును మిగులును. నగరము పెరిగి దీపకాంతి క్రమ్ముకొనుటచేతనే నిజామియా వేధశాల తన పెద్ద దూరదర్శినికై ఊరికి దూరమున జపాల–రంగాపురమునకు పోవలసివచ్చినది. కోనసీమ కొబ్బరితోటల నడుమ నేటికిని పాలవెల్లి కనబడు పల్లెలు గలవు. ఆ చీకటి మన ఆస్తి.

బాప్పు వంటివాడు తరమునకొకడు పుట్టును. ఎవరి యింట పుట్టునో చెప్పజాలము. పల్లెకారి గుడిసెలో పుట్టవచ్చును, పాలేరు గుమ్మమున పుట్టవచ్చును. హైదరాబాదు బాలునికి తండ్రి యుద్యోగమువలన దూరదర్శిని దొరికినది. ముమ్మిడివరము బాలునికి, పోలవరము బాలికకు దానిని దొరకించు తండ్రి ఎవరు? ఆ తండ్రి స్థానమున నిలువవలసినది ప్రభుత్వము, పాఠశాల, మనము. నీటిలో మునిగిన తల పైకెత్తినప్పుడు ఆకసమున గురుడు కనబడుట, అది గురుడని తెలియుట, ఈ రెండును కలిసిన నాడు మన పుష్కరస్నానము సంపూర్ణమగును. పరుల కంటితో జూచుట మానిన నాడే చూపునకు స్వరాజ్యము సిద్ధించును.